మేకపిల్ల పాటకు ట్రాక్ పాడిన గొంతు

రికార్డింగ్ పని నేర్చుకుంటామని వచ్చే పిల్లలు నన్ను మొదట అడిగేది ఏ మైకు కొనాలని. ఏదైనా కొనండి, ముందు గదిలో ఫ్యాను ఆపండి అంటాను. అది వాళ్లకు వెక్కిరింతలా వినిపిస్తుంది. పని మానేసిన పెద్దాయన చాదస్తం అనుకుని, టీ తాగి, మర్యాదగా లేచి వెళ్లిపోతారు. కొందరు మాత్రం మళ్లీ వస్తారు. అట్లా మళ్లీ వచ్చినవాళ్ల కోసమే ఇది రాస్తున్నాను.

నా పేరు దేవదానం. చర్చిలో మైకు వైర్లు చుట్టడంతో మొదలుపెట్టి, పెళ్లిళ్ల మైకుసెట్లు, పార్టీల సభలు అన్నీ తిరిగి, చివరికి నల్లగొండలో ఒక స్టూడియోలో కుదురుకున్నాను. స్టూడియో అంటే పెద్దగా ఊహించుకోవద్దు. బట్టల దుకాణం మీద ఒక గది, గోడలకు కోడిగుడ్ల అట్టలు, మధ్యలో అద్దం బిగించిన చెక్క తలుపు. కింద దుకాణంలో షట్టర్ వేసినా, రోడ్డు మీద లారీ హారన్ కొట్టినా పాట మళ్లీ మొదటినుంచి పాడాల్సిందే. ఇప్పుడు నా కుడి చెవి సరిగా వినిపించడం లేదు. చెవి లేనివాడు ఈ పనిలో ఉండకూడదు కనుక మానేశాను.

తెలంగాణ వచ్చాక మాకు చేతినిండా పని. జానపదాలన్నీ ఫోన్లలోకి వచ్చాయి. ఎలక్షన్లొస్తే పార్టీ పాటలు, పండుగొస్తే బతుకమ్మ పాటలు, ఏదీ లేనప్పుడు ఆటోలో పెట్టుకుని తిరిగే దుకాణాల ప్రచారాలు. అవన్నీ చెబుతూ కూర్చుంటే మీకూ విసుగు, నాకూ విసుగు. నాకు ఈ పని అంటే ఏమిటో తెలిపిన పాట ఒకటుంది. దానికి అర్థం లేదు. మన దిక్కు చిన్నపిల్లలున్న ఇంట్లో ఎవరినడిగినా పాడి వినిపిస్తారు. దాని కథ మాత్రం వాళ్లకు తెలియదు.

సేటు చెప్పిన రెండు మాటలు

స్టూడియో యజమాని లింగయ్య సేటు. మంచివాడు, కోపిష్టి, ఈ విద్య సగమే తెలిసినవాడు. ఆయన చెప్పింది చేసి నేర్చుకున్నది కొంత, చేయకుండా నేర్చుకున్నది ఇంకొంత.

పాటలో ఊపిరి వినపడటం మురికి అని ఆయన నమ్మకం. ఊపిరి పీల్చిన చోటల్లా కత్తిరించమనేవాడు. ఒక ఏడు బతుకమ్మ పాట ఒకటి చేశాం. చరణం వెనకే చరణం అతికించి, ఎక్కడా సందు లేకుండా నున్నగా చేసి ఇచ్చాం. సద్దుల బతుకమ్మ అయిన మర్నాడు ఇద్దరు ఆడవాళ్లు మెట్లెక్కి వచ్చారు.

"గీ పాట చేసింది మీరేనా?" అని అడిగింది పెద్దామె.

"మేమేనమ్మా. ఎట్లున్నది?" అన్నాడు సేటు, పొగడ్త వస్తుందని కుర్చీలో ముందుకు జరిగి.

"పాట మంచిగనే ఉన్నది. ఆడుతుంటె ఆయాసమొస్తాంది. అడుగు మార్చేతందుకు జర సందు ఇయ్యకపోతిరి. మా అత్త నడుమల్నే కూసున్నది."

సేటు ముఖం చూడాలి అప్పుడు. పాడేమనిషి ఊపిరి పీల్చుకునే చోటే చప్పట్లు కొట్టి తిరిగేవాళ్లు కూడా ఊపిరి పీల్చుకుంటారు. మేం దాన్నే తీసేశాం. ఆ రోజు నుంచి నేను ఎవరి ఊపిరి జోలికీ పోలేదు. సేటు మాత్రం నమ్మకం మార్చుకోలేదు. ఇప్పటి ఆడవాళ్లకు ఓపిక తక్కువ అన్నాడు.

ఆయన చెప్పిన రెండో మాట ట్రాక్ గురించి. పేరున్న గాయకులకు మా దగ్గర కూర్చుని పాట నేర్చుకునే తీరిక ఉండదు. అందుకని ముందే ఎవరి చేతనైనా పాట మొత్తం పాడించి పెడతాం. దాన్ని ట్రాక్ అంటారు. పెద్దవాళ్లు వచ్చి దాన్ని చెవిలో వింటూ తమ గొంతుతో పాడి వెళ్తారు. ఆ తర్వాత ట్రాక్ గొంతు తుడిచేస్తాం. పాడిన మనిషి పేరు ఎక్కడా ఉండదు.

"ట్రాకంటె సెంట్రింగ్ కట్టె, దానం. స్లాబు గట్టివడ్డంక ఇప్పాలె. ఇల్లు చూడొచ్చినోళ్లకు కట్టెలు చూపిస్తమా?" అనేవాడు సేటు.

ఈ మాట నాకు అప్పట్లో బాగా నచ్చింది. నేనూ నలుగురికి చెప్పాను. పాడేవాళ్లు కట్టెలు కారనీ, వాళ్లు సాయంత్రం ఇంటికి పోయి ఎవరికో ఒకరికి జవాబు చెప్పుకోవాలనీ జరీనా వచ్చాకే తెలిసింది.

జరీనా

నార్కట్‌పల్లిలో హైవే పక్కన జరీనా వాళ్లకు చాయ్ హోటలుండేది. తండ్రి పోయాక తమ్ముడు నడిపేవాడు. జరీనా ఇంట్లో మిషను కుడుతూ, మేం ఫోను చేసినప్పుడు బస్సెక్కి నల్లగొండ వచ్చేది. మీరు ఫోన్లలో విన్న జానపదాలు చాలావాటికి ట్రాక్ ఆమే. పాట ఎవరు పాడబోతున్నారో చెబితే చాలు, వాళ్ల పద్ధతిలో పాడి పెట్టేది. వచ్చే గాయనికి పని తేలికయ్యేది. అంత బాగా ఇంకొకరిలా పాడగలగడమే ఆమెకు చేటు చేసిందని నా అభిప్రాయం. తన గొంతు ఎట్లా ఉంటుందో అడిగినవాళ్లు లేరు.

ఆమె తల్లి హమీదా బీ. కూతురు పాడిన పాట బయటికి వచ్చిందని తెలిస్తే ఫోన్లో పెట్టమనేది. మొత్తం వినేది. విన్నాక ప్రతిసారీ ఒకటే ప్రశ్న. జరీనా ఒకరోజు చాయ్ తాగుతూ నాతో చెప్పింది.

"మా అమ్మీకి ట్రాక్ అంటె ఎట్ల సమజ్ చెయ్యాల్నో తెలుస్తలేదు సార్. పొద్దుగాల పోతవ్, పొద్దుమూకినంక వస్తవ్, పాట ఇందామంటె ఇంకెవ్వలో పాడుతుంటరు, నువ్వు పోయి ఏం చేస్తున్నవ్ బిడ్డా, అంటది."

నవ్వుతూనే అంది. తర్వాత నవ్వు ఆపి అంది. "ఒక్క పాట సార్. ఒక్కటి నా గొంతుతోని బయటికి పోవాలె. పేరు పడాలె. మా అమ్మీ ఇనాలె. గంతే, ఇగ ఏం అడగ."

నా చేతుల్లో లేదని చెప్పాను. అది నిజమే. కాని ఆ రోజు నుంచి ఎవరు పాట పట్టుకుని వచ్చినా, ఇది జరీనాకు దక్కుతుందా అని చూడటం నాకు అలవాటైంది.

కొత్తకోట పిల్ల సినిమా

మౌనికది కొత్తకోట. హైదరాబాదులో నలుగురైదుగురు స్నేహితులతో కలిసి పిల్లల కోసం బొమ్మల సినిమా తీస్తోంది. కథ చిన్నది. మందలోంచి తప్పిపోయిన మేకపిల్ల ఒకటి నల్లగొండ గుట్టల్లో ఒక బండ మీద చిక్కుకుపోతుంది. దిగడానికి దారి తెలియదు. భయం పోవడానికి తనలో తాను పాడుకుంటుంది. సినిమాలో పాట అదొక్కటే. మాటలన్నీ మన యాసలో ఉండాలని, మన గొంతులే కావాలని, మౌనిక ఆ పని కోసం మా దగ్గరికి వచ్చింది.

పాట రాయాల్సింది విఠల్ సార్. మహబూబ్‌నగర్‌లో తెలుగు పండితుడిగా చేసినవాడు. బాణీ తయారైంది, మాటలు ఇంకా రాలేదు. బొమ్మలు గీసే పిల్లలేమో చేతులు ఖాళీగా కూర్చోలేమంటున్నారు.

"ఇప్పటికైతే ఏదో ఒకటి పాడించి పెట్టండి సార్. సార్ పాట రాంగనె మారుద్దాం" అంది మౌనిక. ఇది మాకు కొత్త కాదు. మాటల్లేనప్పుడు తననన అనో లలలా అనో పాడించి పెడుతూనే ఉంటాం.

జరీనా మైకు ముందు నిలబడి రెండు వరసలు తననన అంది. ఆపేసింది.

"మేకపిల్ల తననన అంటదా సార్?"

"మరేమంటది?"

"మా అమ్మీ నాకు అన్నం వెట్టేటప్పుడు ఒకటి అంటుండె. గది గీ బాణీల మంచిగ కూసుంటది. అననా?"

అనమన్నాను. అప్పుడు పాడింది:

చింగిరి పింగిరి చిక్కల బా
డుబుకు డుబుకు డుక్కల బా
ఉర్రుకు బుర్రుకు ఊకిల మీకిల
బాబ్బా బాబ్బా బుర్రుర్ బా

ఇదేం భాష అని అడిగాను. ఏ భాషా కాదంది. చిన్నప్పుడు తను అన్నానికి నోరు తెరిచేది కాదట. హోటల్లో గిరాకీ మీద గిరాకీ, తల్లికి బతిమాలే తీరిక లేదు. నోటికొచ్చిన మాటలు తాళం మీద అంటూ, వరస చివర బా అనేది. తల్లి బా అంటే పిల్ల కూడా బా అనేది. తెరుచుకున్న నోట్లో ముద్ద పడేది. బుర్రుర్ దగ్గర పక్కటెముకల్లో చక్కిలిగిలి పెట్టేది. ఆ పాట చేసిన పనంతా అదే.

ఆ అలవాటు జరీనాను వదల్లేదు. ఇంత వయసొచ్చాక, మైకు ముందు నిలబడి కూడా, బుర్రుర్ దగ్గరికి రాగానే నవ్వు వచ్చేసింది. నవ్వి, మధ్యలో గాలి పీల్చుకుని, చివరి బా ఎట్లాగో పూర్తిచేసింది. మళ్లీ పాడమన్నాను. మళ్లీ అక్కడే నవ్వు. సేటు ఆ రోజు ఊళ్లో లేడు. నవ్వు, ఊపిరి అన్నీ ఉన్నవి ఉన్నట్టే పంపించాను.

మేకపిల్ల నోరు

బొమ్మల సినిమాలో ముందు గొంతు వస్తుంది, తర్వాత నోరు వస్తుంది. ప, బ, మ అన్నప్పుడు పెదవులు కలుస్తాయి. ఆ అన్నప్పుడు నోరు తెరుచుకుంటుంది. గీసేవాళ్లు గొంతు వింటూ, అక్షరానికి తగ్గట్టు నోరు గీసుకుంటూ పోతారు. ఇక్కడే పొరపాటు జరిగింది. మేం పంపినది తాత్కాలికమని మౌనికకు తెలుసు, నాకు తెలుసు. గీసే పిల్లలకు ఎవరూ చెప్పలేదు. వాళ్లకు పాట నచ్చింది. నచ్చిన పనిని ఎవరూ అడక్కుండానే త్వరగా చేస్తాం. విఠల్ సార్ పాట తీసుకుని నల్లగొండ వచ్చేసరికి మేకపిల్ల నోరు మొత్తం హమీదా బీ మాటలకు గీసేశారు. బుర్రుర్ దగ్గర నవ్వు, ఎగిరిపడే పొట్ట, నవ్వాక పీల్చుకున్న గాలి, అన్నీ గీశారు.

విఠల్ సార్ మంచి పాటే రాశాడు. బెదరకు కూనా, ధైర్యం నీలోనే ఉన్నది అని. కాని మేకపిల్ల పెదవులు మూసిన చోట ధైర్యం అనే మాట, నోరు బార్లా తెరిచిన చోట ఉన్నది అనే మాట పడింది. పంటినొప్పితో ఉపన్యాసమిస్తున్నట్టుంది ఆ మేక. ఆయన మళ్లీ మళ్లీ మహబూబ్‌నగర్ నుంచి వచ్చి, తెర ముందు కూర్చుని, పెదవులు చూస్తూ మాటలు మార్చాడు. పెదవులు కలిస్తే అర్థం పోయేది, అర్థం నిలిస్తే పెదవులు కలిసేవి కావు. చివరికి కాగితం మడిచి జేబులో పెట్టుకున్నాడు.

"నా పాటల తప్పేం లేదు దానం గారూ. మేకపిల్ల నోట్ల పడ్తలేదు. అది ఏది తింటదో అదే తిననియ్యున్రి."

అంత హుందాగా పక్కకు తప్పుకున్న రచయితను నేను మళ్లీ చూడలేదు. పాటలు రాయాలనుకునేవాళ్లు ఆయనను గుర్తుపెట్టుకోవాలి. ఎంత మంచి మాటైనా పాడే నోటికి సరిపోకపోతే అది ఆ పాటలోది కాదు.

మాటలు ఖాయమయ్యాయని తెలిసిన రోజు జరీనా ఫోను చేసింది. "మాట మా అమ్మీదే ఉంటె, గొంతు గూడ నాదే ఉంటది గద సార్?"

నేను మౌనికను అడిగాను.

"సినిమా కొనుక్కునేటోళ్లు పేరున్న గొంతు ఒకటన్న ఉండాలంటున్నరు సార్. ఉన్నదే ఒక్క పాట. జరీనక్క గొంతే కావాలని నేను లడాయి చేసిన. చేసిన కొద్ది ఇగ సినిమానే వద్దంటున్నరు. మా పిల్లలు కండ్లు పోయేటట్టు గీసిండ్రు. ఆళ్లకేం చెప్పాలె నేను?"

ఆ పిల్ల కళ్లలో నీళ్లు తిరిగాయి. మౌనికను తప్పుపట్టడం తేలిక. నేను పట్టను. కాని జరీనాకు ఈ సంగతి మౌనిక ద్వారానో సేటు ద్వారానో తెలియకూడదనిపించింది. నేనే నార్కట్‌పల్లి వెళ్లి హోటలు ముందు బెంచీ మీద కూర్చుని చెప్పాను. చెప్పినంతసేపూ ఆమె నా గ్లాసు వైపే చూసింది.

"చాయ్ చల్లారింది సార్, ఇంకోటి తెస్త" అని లేచి లోపలికి పోయింది. తెచ్చేసరికి ముఖం కడుక్కుని వచ్చింది.

నేర్పిన రోజు

మా వృత్తిలో ఒక రివాజు ఉంది. పెద్ద గాయని పాడే రోజున ట్రాక్ పాడినవాళ్లు పక్కనే ఉండాలి. ఎక్కడ ఆగాలి, ఎక్కడ ఊపిరి తీసుకోవాలి, ఏ మాట నొక్కాలి, అన్నీ చెప్పాలి. తన స్థానంలోకి వచ్చే మనిషికి తనే దారి చూపించాలన్నమాట. జరీనా ఆ రోజు రాదనుకున్నాను. అందరికంటే ముందు వచ్చింది.

గాయని పేరు రాయను, మేడమ్ అంటాను. సూర్యాపేటలో ఏదో కార్యక్రమానికి వెళ్తూ మా దగ్గర ఆగింది. ఆమె గురించి చెడ్డగా రాస్తే మీకు కథ బాగుంటుంది. నేనలా రాయలేను. చెప్పులు బయట విడిచి, జరీనా పక్కన కూర్చుని, బడిపిల్లలా నేర్చుకుంది.

"డుబుకు డుబుకు దగ్గర కొంచెం తొందరగా పోవాలా?"

"తొందర గాదు మేడమ్. పిల్ల మొకం తిప్పుకుంటది, మనం ముద్ద వట్టుకొని ఎంబడివడాలె. గట్ల పాడున్రి."

మేడమ్ సరిగ్గా అట్లాగే పాడింది. నిజం చెప్పాలంటే శ్రుతి విషయంలో జరీనా కంటే మెరుగ్గానే పాడింది. అద్దం అవతల జరీనా తల ఊపుతూ వింటోంది. ఎవరి పాట ఎవరు పాడుతున్నారన్న బాధ, బాగా పాడుతున్నారన్న సంతోషం, రెండూ ఆ ముఖంలో ఒకేసారి కనిపించాయి. నాకు మాత్రం కోపం వచ్చింది. ఎవరి మీద చూపించాలో తెలియక, నా ముందున్న మిక్సరులో శబ్దం పెంచే తగ్గించే ఫేడర్ల మీది దుమ్ము తుడిచాను.

బుర్రుర్ దగ్గర మేడమ్ ఆగింది. నవ్వింది. అందమైన నవ్వే, కాని తెర మీద మేకపిల్ల పొట్ట ఒక తీరున ఎగురుతుంటే నవ్వు ఇంకో తీరున ఉంది. మళ్లీ నవ్వింది. మళ్లీ కుదరలేదు. హెడ్‌ఫోన్ తీసి పక్కన పెట్టింది.

"ట్రాక్‌లో ఈ నవ్వు ఎలా నవ్వావమ్మా?"

"నేను నవ్వలే మేడమ్, వచ్చింది. మా అమ్మీ ఆడ చక్కిలిగిలి వెట్టేది."

మేడమ్ నా పక్కనున్న మౌనిక వైపు తిరిగింది. "చక్కిలిగిలి పెట్టకుండా నేనెలా నవ్వనమ్మా? నవ్వు ఈ అమ్మాయిదే ఉంచండి. ఉంచితే పేరు కూడా వేయండి."

"నవ్వుకు పేరేస్తరా?" అన్నాడు వెనకనుంచి సేటు.

"వేస్తారు" అంది మేడమ్. ఆమె చెబితే కాదనేవాళ్లు అక్కడ లేరు.

అది మంచితనమే. అప్పుడూ అనుకున్నాను, ఇప్పుడూ అంటాను. ఆ మంచితనంతో పాటే పాట ఆమెదైపోయింది. రెండూ ఒకేచోట జరగవచ్చునని ఈ పనిలోకి వచ్చేవాళ్లు తెలుసుకుంటే మంచిది.

మేడమ్ కారు వెళ్లాక సేటు లేచి వొళ్లు విరుచుకున్నాడు. "దానం, స్లాబు వడ్డది. కట్టెలు ఇప్పు." నవ్వు ముక్క ఒకటి వేరే తీసిపెట్టాను. మిగిలిన గొంతు తుడవకుండా కూర్చున్నాను. జరీనా నా కుర్చీ వెనక నిలబడింది.

"తుడిచెయ్యి సార్. ఉంటె ఇనబుద్ధయితది."

తుడిచేశాను. రహస్యంగా ఎక్కడో దాచి ఉంటానని ఇది చదువుతూ మీరు అనుకుంటారు. దాచలేదు. ఆమె అడిగింది చేశాను. మీరు మాత్రం ఒకటి చేయండి. ట్రాక్ పాడటానికి ఎవరైనా వస్తే, మైకు ఆన్ చేయకముందే చెప్పండి, అమ్మా, నీ గొంతు ఉండదు అని. పాట బయటికి వెళ్లేటప్పుడు ట్రాక్ పాడినవాళ్ల పేరు కూడా కింద వేయమని పట్టుబట్టండి. మీరు పట్టుబట్టినా సగంసార్లు వేయరు. అయినా అడగడం మానవద్దు.

పాట తిరిగిన ఊళ్లు

సినిమా కంటే ముందే పాటను ఫోన్లలో వదిలారు. అంగన్‌వాడీ టీచర్లు పిల్లలకు గుడ్డు తినిపించడానికి వాడుకున్నారు. పెళ్లి బరాతుల్లో డీజే వాళ్లు వాయించారు. ఆలంపూర్‌లో ఒక కొబ్బరికాయల దుకాణం ఆయన, అవన్నీ అడవిలో దొరికే మందుచెట్ల పేర్లని, తన ముత్తాతకు తెలుసని నాతోనే వాదించాడు. ఒక విలేకరి ఫోను చేసి ఈ పాటలో దాగున్న సందేశం ఏమిటని అడిగాడు. అన్నం తినమని అన్నాను. నేను హేళన చేస్తున్నాననుకుని ఫోను పెట్టేశాడు.

అర్థం లేని మాటలు జనానికి ఎందుకు అంతగా పడతాయో నేను చాలా ఆలోచించాను. అర్థమున్న పాట మనకేదో చెబుతుంది. చెప్పేశాక మనతో దానికి పని ఉండదు. ఈ పాట ఏమీ చెప్పదు, ఒక మనిషి ఇంకో మనిషిని బుజ్జగిస్తున్న చప్పుడు మాత్రం అందులో ఉంది. ఆ చప్పుడు ఎవరికైనా తెలుస్తుంది. పిల్లలు బుర్రుర్ దగ్గరికి రాగానే జరీనా నవ్వినట్టే, అదే ఊపిరితో, నవ్వుతున్నారు. ఎవరి నవ్వో వాళ్లకు తెలియదు.

ఇంట్లో మాత్రం జరీనా ఆ పాట ఫోన్లో పెట్టలేదు. సినిమాలోనే చూపిస్తానని తల్లితో అందట. తమ్ముడు హోటల్లో పెట్టబోతే కసిరిందట. నీ గొంతు కాదు గదా అని ఈసారి తల్లి అంటే తట్టుకోలేనని నాతో అంది. ఆ తర్వాత ఆమె మా స్టూడియోకు రావడం కూడా తగ్గించింది.

నల్లగొండలో ఆట

సినిమా పూర్తయ్యాక మౌనిక నల్లగొండలో ఒక ఫంక్షన్ హాలులో తెర కట్టించి బడిపిల్లలకు ఉచితంగా వేసింది. జరీనా తల్లిని తీసుకుని వచ్చింది. హమీదా బీకి మోకాళ్ల నొప్పులు. ఒక చేత్తో కూతురి భుజం, ఇంకో చేత్తో కుర్చీల వెనకభాగాలు పట్టుకుంటూ వచ్చి నా పక్క వరసలో కూర్చుంది. ఆమె ఉర్దూ బాగా చదువుతుంది. తెలుగు మాట్లాడుతుంది కాని అక్షరం రాదు.

మేకపిల్ల బండ మీద చిక్కుకుంది. పాట మొదలైంది. మొదటి వరసకే హాలులోని పిల్లలందరూ అందుకున్నారు. వాళ్ల అరుపుల్లో మేడమ్ గొంతు ఎక్కడా వినిపించలేదు. హమీదా బీ నోరు కొద్దిగా తెరుచుకుని అట్లాగే ఉండిపోయింది. తన హోటలు వెనక గదిలో అన్న మాటలు ఇంతమంది పిల్లలు అంటున్నారు. ఆమెకు ఈ సంగతి ముందుగా ఎవరూ చెప్పలేదు. జరీనా తెర వైపు చూడటం లేదు, తల్లినే చూస్తోంది.

బుర్రుర్ దగ్గర సంగీతం ఆగుతుంది, మేకపిల్ల నవ్వు వినాలని పిల్లలు కూడా ఆగారు. ఆ ఖాళీలో నవ్వొక్కటే వినిపించింది.

"నువ్వే" అంది హమీదా బీ. కూతురి చెయ్యి పట్టుకుంది. "గిది నువ్వే."

ఆ తర్వాత కథ ఎటు పోయిందో ఆమె చూసిందో లేదో తెలియదు. చెయ్యి మాత్రం వదల్లేదు. సినిమా అయిపోయి పేర్లు వచ్చాయి. పిల్లలు లేచి బయటికి పరుగు పెడుతున్నారు. పాట దగ్గర రెండు వరసలు పడ్డాయి. పైన, పాట అని మేడమ్ పేరు. కింద, నవ్వు అని జరీనా పేరు. మాటలెవరివో ఎక్కడా వేయలేదు. విఠల్ సార్ తన పేరు వద్దన్నాడు. అర్థం లేని మాటలకు కూడా చెప్పిన మనిషి ఉంటుందని అక్కడ ఎవరికీ తోచలేదు. నాకూ తోచలేదు.

హమీదా బీ కూతురిని మోచేత్తో పొడిచింది. వాళ్లు ఇంట్లో ఉర్దూ మాట్లాడుకుంటారు గాని, నేను పక్కనున్నానని కాబోలు తెలుగులోనే అడిగింది. "ఆడ ఏం రాసిండ్రు? పైన ఏమున్నది, కింద ఏమున్నది?"

జరీనా తెరను చూసింది. ఒక్క క్షణం నా వైపు చూసింది.

"పైన పాట పాడింది జరీనా అని ఉన్నది అమ్మీ. కింద మాటలు హమీదా బీ అని రాసిండ్రు."

"నా పేరెందుకు రాసిండ్రు? నేనేం చేసిన?" నమ్మకం కుదరక నన్నడిగింది. "నిజమేనా దానం భాయ్?"

"నిజమేనమ్మా. నేను గూడ చదివిన" అన్నాను.

హమీదా బీ తల మీది చెంగు సర్దుకుంది. లైట్లు వేశాక కూడా లేవకుండా, తెర వైపే చూస్తూ కూర్చుంది.